ప్రభు రాత్రి భోజనం: లేఖన మూలాలు, అర్థం

సరిహద్దు గ్రామాలలోని క్రైస్తవ కుటుంబాలలో ఒకే ఆచారానికి అనేకమైన పేర్లు వినిపిస్తాయి. లూథరన్, బాప్టిస్టు సంఘాల తెలుగువారు దానిని ప్రభు రాత్రి భోజనమనీ, ప్రభు బల్ల అనీ అంటారు. కతోలికులు దివ్య సత్ప్రసాదమంటారు. సోదర సంఘాల వారికి అది రొట్టె విరుచుట. తమిళనాట స్థిరపడిన మన బంధువుల నోట అదే తిరువిరుందు, నర్కరుణై అవుతుంది. కన్నడ సీమలో కర్తన భోజన, పరమ ప్రసాద అవుతుంది. మరాఠీ క్రైస్తవులు ప్రభుభోజన్ అనీ, ఒడియా క్రైస్తవులు ప్రభు భోజ అనీ పిలుస్తారు.

పేర్లు ఇన్ని ఉండడంతో ఇవి వేర్వేరు పండుగలా అని పాఠశాలలో పిల్లలు అడుగుతూ ఉంటారు. మేనమామ ఇంట ఒక సంఘం, మేనత్త ఇంట మరొక సంఘం ఉన్న కుటుంబాలలో పెద్దలకు సైతం ఈ సందేహం కలుగుతుంది. పెండ్లికో, పండుగకో చర్చికి వచ్చిన ఇరుగుపొరుగువారు ఆ చిన్న రొట్టె ముక్కకూ, గుక్కెడు ద్రాక్షారసానికీ అంతటి ప్రాధాన్యం ఎందుకో తెలుసుకోగోరుతారు. వారందరి కోసం ఈ ఆచారానికి ఆధారమైన లేఖనాలను, వాటి అర్థాన్ని, తర్వాతి చరిత్రను ఈ వ్యాసంలో క్రమంగా వివరించడమైనది.

ఆరంభంలోనే ఒక విషయం గమనించాలి. ఈ భోజనాన్ని గురించి నేడు లభిస్తున్న అత్యంత ప్రాచీనమైన రాత ఒక మందలింపులో భాగం. కలిగినవారు ముందుగా తిని, లేనివారిని ఆకలితో కూర్చోబెట్టినందుకు ఒక సంఘాన్ని మందలిస్తూ రాసిన ఉత్తరంలో అది ఉన్నది. ఎవరు ఎవరితో కలిసి తినవచ్చుననే ప్రశ్న మన గ్రామాలకు కొత్త కాదు. ఆ ప్రశ్న ఈ ఆచారంతో మొదటి నుండీ ముడిపడి ఉన్నది.

పేర్లలోని అర్థం

ప్రపంచ క్రైస్తవ సంఘాలలో అధిక ప్రచారంలో ఉన్న పేరు యూకరిస్తు. ఇది గ్రీకు పదమైన యూఖరిస్తియా నుండి వచ్చినది. దానికి కృతజ్ఞత చెల్లించడం అని అర్థం. యేసు రొట్టెను చేత పట్టుకొని దేవునికి కృతజ్ఞతలు చెల్లించాడని లూకా సువార్త, పౌలు ఉత్తరం చెబుతున్న మాటే ఈ పేరుకు మూలం. రాత్రి భోజనం అనే పేరు పౌలు కొరింథు సంఘానికి రాసిన మొదటి ఉత్తరంలోనిది. రొట్టె విరుచుట అనే పేరు అపొస్తలుల కార్యములు గ్రంథంలోనిది. కనుక ఈ మూడు పేర్లూ లేఖనాల నుండి పుట్టినవే.

సత్ప్రసాదం అనే మాట మన దేశభాషల నుండి గ్రహించినది. ప్రసాదం అంటే అనుగ్రహమని అర్థం ఉన్నందున ఆ పదం ఈ భావానికి తగినదని తెలుగు కతోలికులు స్వీకరించారు. కన్నడ కతోలికుల పరమ ప్రసాదంలోనూ ఇదే పదం కనబడుతుంది.

విడుదల రాత్రి విందు

ఈ భోజనం వేళ్లు యూదుల పస్కా పండుగలో ఉన్నాయి. ఇశ్రాయేలు ప్రజలు ఐగుప్తులో బానిసలుగా ఉండి, అక్కడి నుండి విడుదల పొందిన రాత్రిని గుర్తు చేసుకునే పండుగ ఇది. దాని విధులు నిర్గమకాండం 12వ అధ్యాయంలో ఉన్నాయి.

మొదటి నెల 10వ రోజున ప్రతి ఇంటివారు గొర్రెలలో గానీ మేకలలో గానీ ఏడాది వయసున్న, ఏ లోపమూ లేని మగపిల్లను ఎన్నుకోవాలి. 14వ రోజు సాయంకాలం దానిని వధించి, రక్తాన్ని ద్వారబంధపు నిలువు కమ్ముల మీద, పై కమ్మి మీద పూయాలి. మాంసాన్ని నిప్పుల మీద కాల్చి, పులియని రొట్టెతోను, చేదు కూరలతోను ఆ రాత్రే తినాలి. నడుము కట్టుకొని, చెప్పులు తొడుక్కొని, చేతికర్ర పట్టుకొని, ప్రయాణానికి సిద్ధమైనవారి వలె త్వరగా తినాలి. పిండి పులిసేదాకా ఆగే వ్యవధి లేనంత తొందరలో బయలుదేరినందుకు గుర్తు పులియని రొట్టె. బానిసత్వపు చేదుకు గుర్తు చేదు కూరలని యూదుల సంప్రదాయం చెబుతుంది.

ఈ అధ్యాయంలో పాఠకులు సాధారణంగా దాటిపోయే రెండు సంగతులు ఉన్నాయి. మొదటిది: ఒక గొర్రెపిల్లకు సరిపడేంత మంది ఇంటిలో లేనట్లయితే పొరుగింటివారితో కలిసి తినమని విధి ఉన్నది. రెండవది: ఈ ఆచారమేమిటని పిల్లలు అడిగినప్పుడు తల్లిదండ్రులు దాని అర్థాన్ని చెప్పాలని ఆజ్ఞ ఉన్నది. పొరుగువారితో పంచుకోవడం, తరువాతి తరానికి చెప్పడం అనే ఈ రెండు లక్షణాలూ ప్రభు భోజనంలోకి వచ్చాయి.

నిబంధన రక్తం, అరణ్యంలోని ఆహారం

యేసు గిన్నెను ఇస్తూ పలికిన మాటలలో నిబంధన అనే పదం ఉన్నది. దాని నేపథ్యం నిర్గమకాండం 24వ అధ్యాయం. సీనాయి కొండ దిగువన మోషే నిబంధన గ్రంథాన్ని చదివి వినిపించగా, ప్రజలు దానికి లోబడుతామని మాట ఇచ్చారు. అప్పుడు మోషే బలిపశువుల రక్తంలో సగం బలిపీఠం మీద, సగం ప్రజల మీద చల్లి, దేవునికీ ప్రజలకూ మధ్య ఒడంబడికను స్థిరపరచాడు. ఆ వెంటనే పెద్దలు కొండ ఎక్కి అన్నపానాలు స్వీకరించారు. ఒడంబడిక తర్వాత విందు జరగడం ఇక్కడ గమనార్హం.

తర్వాతి కాలంలో ప్రజలు ఆ ఒడంబడికను మీరినప్పుడు యిర్మీయా ప్రవక్త ఒక క్రొత్త నిబంధనను గురించి ప్రవచించాడు. అది మనుషుల హృదయాల మీద రాయబడుతుందని ఆయన గ్రంథం 31వ అధ్యాయం చెబుతుంది. క్రైస్తవులు తమ గ్రంథానికి క్రొత్త నిబంధన అని పేరు పెట్టుకోవడానికి ఈ ప్రవచనమే మూలం.

మన్నా కథ కూడా ఈ సందర్భంలో ముఖ్యమైనదే. అరణ్యంలో ఆకలిగొన్న ప్రజలకు ఆకాశం నుండి ఆహారం లభించిందని నిర్గమకాండం 16వ అధ్యాయం వివరిస్తుంది. ఎక్కువ కూర్చుకున్నవారికి మిగలలేదు, తక్కువ కూర్చుకున్నవారికి తక్కువ కాలేదు. మరునాటికి దాచుకున్నది పురుగు పట్టింది. పౌలు కొరింథు సంఘానికి రాసిన రెండవ ఉత్తరంలో ఈ కథనే ఉదాహరించి, పేద సంఘాలకు సాయం చేయమని కోరాడు. ఇంకా వెనుకకు వెళితే, ఆదికాండం 14వ అధ్యాయంలో షాలేము రాజైన మెల్కీసెదెకు యుద్ధం నుండి తిరిగి వస్తున్న అబ్రాముకు రొట్టె, ద్రాక్షారసం తెచ్చి ఆశీర్వదించిన సంఘటన ఉన్నది. తొలి క్రైస్తవ వ్యాఖ్యాతలు దీనిలో ప్రభు భోజనానికి ముందు సూచన చూశారు.

మేడ గదిలో ఆ రాత్రి

యేసు తన మరణానికి ముందు రాత్రి యెరూషలేములో ఒక మేడ గదిలో శిష్యులతో భోజనం చేశాడు. ఈ వృత్తాంతం నాలుగు చోట్ల లభిస్తుంది: మత్తయి 26, మార్కు 14, లూకా 22, మొదటి కొరింథీయులకు 11వ అధ్యాయాలు. నాలుగింటిలోనూ సారాంశం ఒకటే. యేసు రొట్టె తీసుకొని దేవునికి స్తోత్రం చెల్లించి, దానిని విరిచి శిష్యులకు ఇచ్చి, అది తన శరీరమని చెప్పాడు. గిన్నెను తీసుకొని, అది నిబంధనకు చెందిన తన రక్తమని చెప్పాడు.

అయితే వివరాలలో భేదాలు ఉన్నాయి. మార్కు, మత్తయి వృత్తాంతాలు సన్నిహితంగా ఉంటాయి. పాపక్షమాపణ కోసమనే మాట మత్తయిలో మాత్రమే అదనంగా ఉన్నది. తనను జ్ఞాపకం చేసుకోవడానికి దీనిని చేయమనే ఆజ్ఞ లూకాలోను, పౌలు ఉత్తరంలోను మాత్రమే కనబడుతుంది. పౌలు దానిని రొట్టె దగ్గర ఒకసారి, గిన్నె దగ్గర మరొకసారి చెప్పాడు. లూకా వృత్తాంతంలో రొట్టెకు ముందు ఒక గిన్నె, భోజనం తర్వాత మరొక గిన్నె ప్రస్తావనకు వస్తాయి.

ఆ బల్ల వద్ద కూర్చున్నవారు ఎవరో కూడా సువార్తలు దాచలేదు. యేసును అప్పగించబోయే యూదా చేయి ఆ బల్ల మీదనే ఉన్నదని లూకా రాశాడు. తెల్లవారకముందే యేసు ఎవరో తనకు తెలియదని మూడుసార్లు పలకబోయే పేతురు అక్కడే ఉన్నాడు. తమలో గొప్పవాడెవడని శిష్యులు ఆ భోజన సమయంలోనే వాదించుకున్నారని కూడా లూకా చెబుతున్నాడు. ఆ మొదటి పంక్తిలో కూర్చున్నవారు లోపం లేనివారు కారని దీని వలన స్పష్టమవుతుంది.

యేసు మరణానంతరం ఎమ్మాయు గ్రామానికి నడిచి వెళుతున్న ఇద్దరు శిష్యుల వృత్తాంతాన్ని కూడా లూకాయే 24వ అధ్యాయంలో రాశాడు. దారిలో తమతో కలిసి నడిచిన వ్యక్తి ఎవరో వారు గుర్తుపట్టలేదు. పొద్దు గ్రుంకుతున్నదని ఆయనను తమతో ఉండమని బలవంతం చేశారు. భోజనానికి కూర్చుని ఆయన రొట్టె విరిచినప్పుడే ఆయన యేసు అని వారికి తెలిసింది. అపరిచితుడైన బాటసారికి అన్నం పెట్టిన చోట ప్రభువును గుర్తించారన్నది ఈ కథలోని సారం.

యోహాను సువార్త ప్రత్యేకత

నాలుగవ సువార్త రాసిన యోహాను ఆ రాత్రి భోజనాన్ని ప్రస్తావించినా, రొట్టె, గిన్నెల మాటలను చెప్పలేదు. వాటికి మారుగా 13వ అధ్యాయంలో యేసు నడుముకు తువాలు కట్టుకొని, పళ్లెంలో నీళ్లు పోసి, శిష్యుల పాదాలు కడిగిన సంఘటనను వివరించాడు. ఆనాడు అది ఇంటి దాసులు చేసే పని. గురువే ఆ పని చేసినప్పుడు శిష్యులు కూడా ఒకరి పాదాలు ఒకరు కడగాలని యేసు బోధించాడు. ఈస్టరుకు ముందు గురువారం నాడు కతోలిక చర్చిలలోను, మరి కొన్ని సంఘాలలోను గురువులు సంఘస్థుల పాదాలు కడిగే ఆచారం దీని నుండి వచ్చినదే.

యోహాను 6వ అధ్యాయంలో జీవాహారాన్ని గురించిన దీర్ఘ ప్రసంగం ఉన్నది. 5,000 మందికి ఐదు యవల రొట్టెలు, రెండు చేపలు పంచిన తరువాత కపెర్నహూము సమాజమందిరంలో యేసు ఈ ప్రసంగం చేశాడు. తన శరీరమే నిజమైన ఆహారమని ఆయన చెప్పిన మాట కఠినంగా తోచి అనేకులు ఆయనను విడిచి వెళ్లారు. ఈ ప్రసంగం నేరుగా ప్రభు భోజనాన్ని గురించినదే అని కొన్ని సంఘాలు, విశ్వాసాన్ని గురించినదని మరికొన్ని సంఘాలు చెబుతాయి.

తేదీ విషయంలోనూ భేదం ఉన్నది. మొదటి మూడు సువార్తల ప్రకారం అది పస్కా భోజనం. యోహాను ప్రకారం పస్కాను సిద్ధపరచే దినాననే యేసు మరణించాడు, అనగా పస్కా గొర్రెపిల్లలను వధించే నాడు. ఈ రెండింటినీ పొందుపరచడానికి పండితులు అనేక విధాలుగా ప్రయత్నించారు. ఆ భోజనం పస్కా నీడలో జరిగినదన్న సంగతిలో మాత్రం ఎవరికీ భేదాభిప్రాయం లేదు.

కొరింథులో తలెత్తిన వివాదం

కొరింథు గ్రీసు దేశంలో రెండు ఓడరేవుల నడుమ ఉన్న వర్తక పట్టణం. జూలియస్ సీజర్ క్రీ.పూ. 44లో దానిని రోమను వలస పట్టణంగా తిరిగి నెలకొల్పాడు. ధనికులు, వర్తకులు, పనివారు, బానిసలు కలిసి ఉన్న ఊరు అది. పౌలు అక్కడ డేరాలు కుట్టే పని చేసుకుంటూ ఏడాదిన్నర కాలం బోధించి సంఘాన్ని స్థాపించాడు. తరువాత క్రీ.శ. 53-55 ప్రాంతంలో ఎఫెసు నుండి ఆ సంఘానికి ఉత్తరం రాశాడు. సువార్తలలో మొదటిదిగా ఎంచబడే మార్కు సువార్త క్రీ.శ. 70 ప్రాంతానికి చెందినదని అధిక సంఖ్యాకులైన పండితుల అభిప్రాయం. అందువలన ప్రభు భోజనాన్ని గురించిన అత్యంత ప్రాచీన రాత పౌలు ఉత్తరమే.

ఆనాడు చర్చి భవనాలు లేవు. విశాలమైన ఇల్లు గల సభ్యుని ఇంట సంఘం కూడేది. ప్రభు భోజనం నిజంగానే కడుపు నింపే భోజనంగా ఉండేది. తీరిక గల ధనికులు ముందుగా వచ్చి, తాము తెచ్చుకున్నది తామే తిని తాగేవారనీ, పని ముగించుకొని ఆలస్యంగా వచ్చిన కూలీలకు, బానిసలకు ఏమీ మిగిలేది కాదనీ పండితులు ఊహిస్తున్నారు. ఒకడు ఆకలితో ఉండగా ఒకడు మత్తులో ఉన్నాడని పౌలు తీవ్రంగా రాశాడు. అది పేదలను అవమానపరచడమేననీ, ఆ విధంగా తినేది ప్రభు భోజనమే కాదనీ తేల్చి చెప్పాడు. ఆ తరువాతనే, తాను పొందిన సంప్రదాయంగా, ఆ రాత్రి యేసు చేసిన పనిని, పలికిన మాటలను వారికి గుర్తు చేశాడు.

అయోగ్యంగా తినేవారు తమ మీదికి తీర్పు తెచ్చుకుంటారనే హెచ్చరిక కూడా ఇక్కడనే ఉన్నది. నేటికీ అనేకులు ఈ మాటకు భయపడి, తమ వ్యక్తిగత పాపాలను తలచుకొని బల్లకు దూరంగా ఉండిపోతారు. ఆత్మపరీక్ష అవసరమని పౌలు చెప్పినది నిజమే. అయితే ఆ అధ్యాయంలో ఆయన వివరించిన దోషం ఏమిటో ముందు వెనుకలు చూసి చదవాలి. అది పేదలను పక్కకు నెట్టి తినడం. ఆ భాగాన్ని పౌలు ముగించినది కూడా భోజనానికి కూడినప్పుడు ఒకరి కోసం ఒకరు వేచి ఉండమనే సాదా ఆజ్ఞతోనే. అదే ఉత్తరం 10వ అధ్యాయంలో, అనేకులు ఒకే రొట్టెలో పాలు పంచుకుంటున్నందున వారందరూ ఒకే శరీరమని ఆయన వాదించాడు.

తొలి తరాల సాక్ష్యం

యెరూషలేములోని తొలి విశ్వాసులు ఇంటింట రొట్టె విరుస్తూ, తమకు కలిగినదానిని అక్కరకొలది పంచుకునేవారని అపొస్తలుల కార్యములు 2వ అధ్యాయం తెలుపుతుంది. 20వ అధ్యాయంలో త్రోయ పట్టణంలో ఆదివారం నాడు రొట్టె విరవడానికి కూడిన సంఘం కనబడుతుంది.

లేఖనాలకు వెలుపల కూడా ఆధారాలు ఉన్నాయి. క్రీ.శ. 112 ప్రాంతంలో బితూనియ, పొంతు ప్రాంతాల రోమను పాలకుడైన ప్లినీ చక్రవర్తి ట్రాజన్‌కు ఒక ఉత్తరం రాశాడు. క్రైస్తవులు ఏమి చేస్తారో తెలుసుకోవడానికి సంఘ పరిచారికలైన ఇద్దరు బానిస స్త్రీలను అతడు హింసించి విచారించాడు. నియమిత దినాన తెల్లవారకముందు కూడి స్తుతిగీతాలు పాడడం, తిరిగి కూడి సాధారణమైన, నిరపాయకరమైన ఆహారం తీసుకోవడం తప్ప వేరేమీ లేదని తెలుసుకున్నట్లు రాశాడు.

దిదాఖే అనే తొలి క్రైస్తవ గ్రంథం చిరకాలం మరుగున ఉండి, 1873లో కాన్‌స్టాంటినోపుల్‌లో దొరికినది. కొండల మీద వెదజల్లబడిన గింజలు ఒక్క రొట్టెగా కూడినట్లే సంఘమంతా ఒకటిగా కూడాలనే ప్రార్థన అందులో ఉన్నది. క్రీ.శ. 155 ప్రాంతంలో రోములో జస్టిన్ అనే క్రైస్తవ తత్త్వవేత్త ఆదివారపు ఆరాధనను వివరించాడు. లేఖన పఠనం, ప్రసంగం, ప్రార్థన అయిన పిదప రొట్టె, నీళ్లు కలిపిన ద్రాక్షారసం తెచ్చి, కృతజ్ఞతలు చెల్లించి అందరికీ పంచేవారు. రాలేకపోయినవారి ఇళ్లకు పరిచారకులు వాటిని తీసుకువెళ్లేవారు. అదే సమయంలో పోగైన కానుకలతో అనాథలను, విధవలను, రోగులను, చెరసాలలో ఉన్నవారిని, పరదేశులను ఆదుకునేవారు. బల్ల మీది రొట్టెకూ, బయటి ఆకలికీ గల సంబంధాన్ని ఆనాటి సంఘం మరువలేదు.

ఆచారంలో ఇమిడి ఉన్న భావాలు

పై లేఖనాలన్నింటినీ కలిపి చూసినప్పుడు నాలుగు భావాలు ప్రధానంగా కనబడతాయి. మొదటిది కృతజ్ఞత. ఆహారం, విడుదల దేవుని వరాలని ఒప్పుకోవడం. రెండవది జ్ఞాపకం. ఇది గతించినదానిని మనసులో తలచుకోవడం మాత్రమే కాదు. పస్కా నాడు యూదులు తామే ఐగుప్తు నుండి వెలువడినట్లు భావించే విధంగా, గతించిన కార్యంలో నేడు పాలు పొందడం. మూడవది సహవాసం, అనగా క్రీస్తుతోను, తోటివారితోను ఏకం కావడం. నాలుగవది నిరీక్షణ. ప్రభువు తిరిగి వచ్చేవరకు ఆయన మరణాన్ని ప్రకటిస్తారని పౌలు చెప్పాడు. దేవుని రాజ్యంలో జరగబోయే విందును యేసే ఆ రాత్రి ప్రస్తావించాడు.

సంఘాల మధ్య అభిప్రాయ భేదాలు

రొట్టె తన శరీరమని యేసు పలికిన మాటను ఏ అర్థంలో గ్రహించాలన్నదే సంఘాలను విడదీసిన ప్రశ్న. కతోలిక బోధ ప్రకారం పూజలో రొట్టె, ద్రాక్షారసాల రూపం, రుచి మారకపోయినా వాటి సారం క్రీస్తు శరీర రక్తాలుగా మారుతుంది. 1215లో జరిగిన నాలుగవ లాటరన్ సభ ఈ మార్పును సూచించే పదాన్ని ఉపయోగించింది. 1551లో ట్రెంట్ మహాసభ ఆ బోధను విస్తరించి స్థిరపరచింది. సిలువ మీద జరిగిన బలి పూజలో తిరిగి చేయబడదనీ, అదే బలి అక్కడ ప్రత్యక్షమవుతుందనీ కతోలికులు వివరిస్తారు.

జర్మనీలోని మార్బర్గ్ పట్టణంలో 1529లో మార్టిన్ లూథర్, స్విట్జర్లాండుకు చెందిన జ్వింగ్లీ ఈ విషయం చర్చించారు. 15 అంశాలలో 14 అంశాల మీద ఏకాభిప్రాయం కుదిరింది. ప్రభు భోజనంలో క్రీస్తు సన్నిధిని గురించిన చివరి అంశంలో మాత్రం కుదరలేదు. రొట్టెతో కూడ క్రీస్తు శరీరం నిజంగా ఇవ్వబడుతుందని లూథర్ పట్టుబట్టగా, అది గుర్తు అని జ్వింగ్లీ వాదించాడు. తరువాత కాల్విన్ పరిశుద్ధాత్మ ద్వారా విశ్వాసి ఆత్మ క్రీస్తు చేత పోషింపబడుతుందని బోధించాడు. బాప్టిస్టు, సోదర సంఘాలు జ్ఞాపకార్థమనే భావాన్ని ప్రధానంగా ఎంచుతాయి. సాల్వేషన్ ఆర్మీ వారు ఈ ఆచారాన్ని పాటించరు. ప్రతి భోజనమూ, ప్రతి సేవా క్రీస్తుకు అర్పితం కావాలని వారి దృక్పథం.

దక్షిణ దేశంలో ప్రభు బల్ల

కొరింథు ప్రశ్న మన ప్రాంతాలకు కులం రూపంలో వచ్చింది. తమిళనాట కొన్ని పాత మిషను సంఘాలలో కులాల వారు చర్చిలో వేరు వేరుగా కూర్చుని, అగ్రకులాల వారు ముందుగా బల్లకు వచ్చే పద్ధతి ఉండేది. కలకత్తా బిషప్పు డేనియల్ విల్సన్ 1833లో దీనిని ఖండిస్తూ, సంఘంలో కులభేదాన్ని పూర్తిగా విడనాడాలని లేఖ రాశాడు. ఆ ఆజ్ఞకు ఒప్పుకోలేక అనేకులు సంఘాన్ని విడిచిపోయారు.

ఒంగోలులో బాప్టిస్టు మిషనరీ జాన్ క్లౌ ఎదుట ఇదే ప్రశ్న నిలిచింది. మాదిగలను చేర్చుకుంటే తాము రామని అగ్రవర్ణాల వారు చెప్పారు. ఆయన మాదిగలను స్వీకరించాడు. ఆ నిర్ణయానికి తనను నడిపించినది కొరింథు మొదటి ఉత్తరంలోని 1వ అధ్యాయమేనని, లోకం నీచమని ఎంచినవారిని దేవుడు ఏర్పరచుకున్నాడనే భాగమేనని ఆయన తరువాత రాసుకున్నాడు.

విదేశీ మిషనుల భేదాలు మరొక అడ్డుగోడగా నిలిచాయి. ఒక సంఘం వారు వేరొక సంఘపు బల్లలో పాలు పొందలేని స్థితి ఉండేది. 1912లో దోర్నకల్ బిషప్పుగా అభిషిక్తుడై, ఆంగ్లికన్ సంఘంలో తొలి భారతీయ బిషప్పుగా పేరొందిన వేదనాయకం శామ్యూల్ అజరయ్య ఈ దుస్థితిని గురించి తీవ్రంగా కలత చెందాడు. 1919లో తరంగంబాడిలో ఆయనతో పాటు కూడిన నాయకులు సంఘైక్యత కోసం ప్రకటన చేశారు. చర్చలు 28 ఏళ్లు సాగాయి. 1947 సెప్టెంబరు 27న మద్రాసులో దక్షిణ ఇండియా సంఘం ఏర్పడింది. ఆంగ్లికన్, మెథడిస్టు, ప్రెస్బిటేరియన్, కాంగ్రిగేషనల్ సంప్రదాయాల వారు ఒకే బల్ల వద్దకు వచ్చారు. అజరయ్య ఆ దినాన్ని చూడలేదు. ఆయన 1945 జనవరి 1న మరణించాడు.

సమస్య అంతటితో ముగియలేదు. సంఘం లోపల దళిత క్రైస్తవులు వివక్షను ఎదుర్కొంటున్నారని 2016లో భారత కతోలిక బిషప్పుల సమాఖ్య తన విధానపత్రంలో అంగీకరించింది. మన గ్రామాల హోటళ్లలో రెండు గ్లాసుల పద్ధతిని చూసినవారికి ఒకే గిన్నెలో తాగడమంటే ఏమిటో వేరుగా చెప్పనవసరం లేదు.

గ్రామ సంఘాలలో గమనించదగినవి

కతోలిక చర్చిలలో ప్రతి పూజలోను సత్ప్రసాదం ఉంటుంది. రెండవ వాటికన్ మహాసభ 1963లో దేశభాషలకు అనుమతి ఇచ్చిన తరువాత, పూర్వం లాటిన్‌లో సాగిన పూజ తెలుగులో జరుగుతున్నది. సోదర సంఘాలలో ప్రతి ఆదివారం రొట్టె విరుస్తారు. ఒకే పాస్టరు పలు గ్రామాలను చూసుకునే సంఘాలలో నెలకొకసారి జరగడం వాడుక.

కతోలికులు గోధుమ రొట్టెను, పులిసిన ద్రాక్షారసాన్ని ఉపయోగిస్తారు. అనేక ప్రొటెస్టెంటు సంఘాలలో మత్తు లేని ద్రాక్షరసం వాడతారు. అమెరికాలో థామస్ వెల్చ్ అనే దంతవైద్యుడు 1869లో ద్రాక్షరసం పులియకుండా నిలువ ఉంచే పద్ధతిని ప్రభు భోజనం కోసమే రూపొందించాడు. ఒకే గిన్నెకు బదులు చిన్న గిన్నెలు వాడే పద్ధతి కూడా అనేక సంఘాలలో ఉన్నది.

ఎవరు పాలు పొందవచ్చునన్న విషయంలో నియమాలు వేరు. కతోలిక పిల్లలు సిద్ధపాటు తరువాత సుమారు ఏడెనిమిది ఏళ్లకు మొదటి సత్ప్రసాదం స్వీకరిస్తారు. లూథరన్, దక్షిణ ఇండియా సంఘాలలో సాధారణంగా కన్ఫర్మేషన్ తరువాత, బాప్టిస్టు సంఘాలలో విశ్వాస బాప్తిస్మం తరువాత బల్లకు వస్తారు. కనుక అతిథులుగా వెళ్లినవారు ముందుగా పాస్టరునో, గురువునో అడిగి తెలుసుకోవడం మంచిది. ఇతర మతస్థులకు ఇవ్వకపోవడం వారిని చిన్నచూపు చూడడం కాదు. అది బాప్తిస్మంతో ముడిపడిన ఆచారం కావడమే కారణం. అయితే ఆరాధన ముగిసిన పిదప వడ్డించే అన్నానికి ఆ నియమం వర్తించదు. ఆ పంక్తిలో అందరికీ చోటు ఉండాలి.

ఈ ఆచారమేమిటని పిల్లలు అడిగినప్పుడు చెప్పమని నిర్గమకాండం తల్లిదండ్రులను ఆజ్ఞాపించింది. తమిళంలో అడిగినా, కన్నడంలో అడిగినా, తెలుగులో అడిగినా చెప్పవలసిన సమాధానం ఒకటే. బానిసలకు విడుదల దొరికిన రాత్రిని తలచుకుంటూ యేసు శిష్యులతో కూర్చున్న భోజనమిది. దీనికి కూడినవారు ఆలస్యంగా వచ్చే కూలివాని కోసం వేచి ఉండాలి.